పోకెమాన్ బ్యాటిల్‌కు ఎంత నెట్ కావాలి?

(ఒడిశా సరిహద్దులోని పర్లాకిమిడిలో ఒక ఆదివారం సాయంత్రం జరిగిన తెలుగు పాఠకుల కూడికలో చేసిన ప్రసంగం. రాలేకపోయినవారి కోసం రికార్డింగు విని రాసిపెట్టినది.)

సభలోని పెద్దలందరికీ నమస్కారం. ముందు వరుసలో ఫోన్లు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్న పిల్లలకు ఆశీస్సులు. నాయనా, ఆ చివరనున్న బాబూ, ఫోను ఆపనక్కరలేదు, దానితో తరువాత పని ఉంది. ముప్పై ఏళ్ళకు పైగా టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో పనిచేసి రిటైరైన నావంటివాడికి పోకెమాన్ గురించి మాట్లాడే అర్హత ఎక్కడిదని మీలో కొందరికి అనిపించి ఉంటుంది. నాకూ అనిపించింది. అయితే మా మనవడు ఒకనాడు నా దగ్గరకు వచ్చి, "తాతయ్యా, స్పీడ్ టెస్ట్ చేస్తే నలభై ఎంబీపీఎస్ చూపిస్తోంది, బ్యాటిల్ పెడితే మాత్రం ల్యాగ్ వస్తోంది, నొక్కినది ఆలస్యంగా పడుతోంది, ఎందుకు?" అని అడిగాడు. ఆ ప్రశ్న విన్నాక ఇది ఆటల సంగతిగా కాక, నేను జీవితమంతా చేసిన ఉద్యోగం సంగతిగానే కనిపించింది. ట్రంకు కాల్ రోజుల్లో కూడా జనం ఇదే అడిగేవారు. లైను కలిసింది కదా, మాట ఎందుకు వినిపించడం లేదు?

ఆట తెలియని పెద్దల కోసం రెండు మాటలు. మన చిన్నతనంలో వానలు పడ్డాక తుమ్మచెట్ల మీద బంగారు పురుగులను పట్టి అగ్గిపెట్టెలో దాచుకునేవాళ్ళం, గుర్తుందా? నీ పెట్టెలో ఎన్ని ఉన్నాయి, నా పెట్టెలో ఎన్ని ఉన్నాయి అని లెక్కపెట్టుకుని, ఒకటిచ్చి ఒకటి పుచ్చుకునేవాళ్ళం. పోకెమాన్ కూడా అటువంటిదే: ఆటలో ఊహా జీవాలను పట్టి పెంచుకుంటారు, ఇచ్చిపుచ్చుకుంటారు, వాటితో ఒకరి మీద ఒకరు పోరాడతారు. ఆ పోరాటమే బ్యాటిల్. పోకెమాన్ సృష్టికర్త సతోషి తాజిరి కూడా చిన్నప్పుడు పురుగులు పట్టినవాడే. నింటెండో వారి గేమ్ బాయ్ అనే చేతి యంత్రాలు రెండింటిని కలిపే తీగను చూసి, దాని మీదుగా ఒక పురుగు ఈ యంత్రంలోంచి ఆ యంత్రంలోకి పాకిపోతున్నట్టు ఊహించుకున్నానని ఆయన చెప్పుకున్నాడు. ఆ ఊహలోంచి పుట్టిన ఆట 1996 ఫిబ్రవరి 27న జపానులో రెడ్, గ్రీన్ అనే రెండు రూపాల్లో విడుదలైంది. రెండు రూపాలెందుకు? కొన్ని జీవాలు ఒకదానిలోనే దొరుకుతాయి, రెండవదానిలో దొరకవు కాబట్టి. ఇంకొక చమత్కారం చూడండి: హాంటర్ అనే జీవం మీ దగ్గర ఎంత కాలమున్నా హాంటర్‌గానే ఉంటుంది, ఇంకొకరికి ఇచ్చినప్పుడే గెంగార్ అవుతుంది. అంటే, పక్కవాడితో కలవకుండా ఆట పూర్తి కాకుండా కట్టుదిట్టం చేశారన్నమాట. ఈ ఆటలో కనెక్షన్ అనేది తరువాత తగిలించిన సౌకర్యం కాదు, మొదటినుంచీ ఆటలో భాగం.

ఇప్పుడు ఆ తీగ దగ్గర కాసేపు నిలబడదాం. నాకు అన్నిటికంటె ఇష్టమైన ఘట్టం అదే. గేమ్ బాయ్ తీగ మీద ఒక యంత్రం తాళం వేస్తుంది, రెండవది ఆ తాళానికి తగ్గట్టు నడుస్తుంది. భజనలో చిడతలు వేసేవాడు ఒకడే ఉంటాడు కదా, అటువంటిది. సెకనుకు 8192 తాళాలు, తాళానికి ఒక బిట్టు. అంటే సెకనుకు ఒక కిలోబైటు. వాట్సాప్‌లో మీకు పొద్దున్నే వచ్చే శుభోదయం బొమ్మ వంద కిలోబైట్లు ఉందనుకుంటే, ఆ తీగ మీద అది రావడానికి నిమిషం నలభై సెకన్లు పడుతుంది. మరి అంత సన్నని తీగ మీద ఇద్దరు పిల్లలు యుద్ధం ఎలా చేశారు?

చేయగలిగారు, ఎందుకంటే యుద్ధం ఆ తీగ మీద జరగలేదు. దయచేసి ఈ ఒక్క ముక్క పట్టుకోండి. మొదట రెండు యంత్రాలూ తమ తమ జట్ల వివరాలను, అంటే కొన్ని వందల బైట్లను, ఒకదానికొకటి ఇచ్చుకుంటాయి. దానితో పాటు అదృష్టాన్ని నిర్ణయించే అంకెల పట్టిక ఒకటి ఒక యంత్రం నుంచి రెండవదానికి వెళుతుంది. ఇద్దరి దగ్గరా ఒకే పాచికలు ఉన్నట్టు లెక్క. ఆ పైన ప్రతి వంతులోనూ తీగ మీద వెళ్ళవలసినది "నేను ఈ దెబ్బ ఎంచుకున్నాను" అనే చిన్న సంకేతం మాత్రమే. దెబ్బ తగిలిందా, ఎంత తగిలింది, ఎవరు పడిపోయారు అనే లెక్కంతా ఏ యంత్రానికది విడివిడిగా చేసుకుంటుంది. పాచికలూ ఒకటే, సూత్రాలూ ఒకటే కాబట్టి జవాబూ ఒకటే రావాలి. పూర్వం ఉత్తరాల్లో చదరంగం ఆడేవారు. కార్డు మీద ఒక ఎత్తు రాసి పంపితే చాలు, బల్లను పోస్టులో వేయనక్కరలేదు కదా!

మరి జవాబు ఒకటి కాకపోతే? అదీ జరిగింది. తొలి తరం ఆటలో సైవేవ్ అనే దెబ్బ ఉంది. దాని బలం పాచిక మీద ఆధారపడుతుంది. కొట్టినవాడి యంత్రం సున్నాను ఒప్పుకోదు, కనీసం ఒకటి పడేవరకు పట్టికలో తరువాతి అంకె తీసుకుంటుంది. దెబ్బ తిన్నవాడి యంత్రం సున్నాను ఒప్పుకుంటుంది. సున్నా పడిన ఆ క్షణంలో ఒక యంత్రం పట్టికలో ఒక అడుగు ముందుకు పోయింది, ఇంకొకటి వెనుక ఉండిపోయింది. అక్కడినుంచి రెండు తెరల మీద రెండు వేరువేరు యుద్ధాలు! ఒకడు తాను గెలిచానంటాడు, ఇంకొకడూ తానే గెలిచానంటాడు, ఇద్దరి తెరలూ సాక్ష్యం చెబుతాయి. కబడ్డీలో రెండు జట్లకూ రెండు స్కోరు పుస్తకాలు పెడితే మన ఊళ్ళో ఏమవుతుందో మీకు చెప్పనక్కరలేదు. తీగ లోపం లేదు, సిగ్నల్ లోపం లేదు, అయినా ఆట చెడింది. దీన్నే ఈ విద్య తెలిసినవారు డీసింక్ అంటారు.

తీగ ఊడిపోవడం మాత్రం ఇంకొక కథ. ఇచ్చిపుచ్చుకునే సమయంలో సరిగ్గా చూసి తీగ లాగేస్తే, ఒకే జీవం రెండు యంత్రాల్లోనూ మిగిలిపోయేది. ఆ కాలపు పిల్లలు దానిని లోపమని అనుకోలేదు, విద్య అనుకున్నారు. పిల్లలు ఎక్కడైనా పిల్లలే.

తరువాత తీగ పోయింది. 2004లో వచ్చిన ఫైర్‌రెడ్, లీఫ్‌గ్రీన్ ఆటలతో వైర్‌లెస్ అడాప్టర్ ఇచ్చారు. దానికి రెండేళ్ళ ముందు వచ్చిన రూబీ, సఫైర్ ఆటలు ఆ అడాప్టరును గుర్తించవు, వాటికి తీగే గతి. 2006లో నింటెండో డీఎస్ అనే యంత్రానికి డైమండ్, పెర్ల్ ఆటలు వచ్చి ఇంటర్నెట్ మీద ఆడుకునే వీలు కల్పించాయి. అప్పుడు ఎంత తంతు ఉండేదో వినండి. పన్నెండు అంకెల ఫ్రెండ్ కోడ్ ఉంటుంది. మీరు అవతలివారి కోడ్ ఎక్కించుకుంటే సరిపోదు, వారు మీది కూడా ఎక్కించుకోవాలి. ఒక అంకె తప్పితే ఇద్దరూ ఒకరి కోసం ఒకరు ఎదురుచూస్తూ కూర్చోవలసిందే. ఆ యంత్రంలోని ఈ ఆటలకు డబ్ల్యూఈపీ అనే పాత భద్రతా తాళం ఉన్న వైఫై తప్ప కొత్త తాళాలు పట్టవు. ఈనాటి రూటర్లలో ఆ పాత తాళాన్ని భద్రత లేదని తీసేశారు. కాబట్టి వేగం వంద ఉన్నా ఆ యంత్రం గుమ్మం బయటే నిలబడుతుంది.

పైగా, అవతల తలుపు తీసేవారు కూడా ఉండాలి కదా! డీఎస్ ఆటలను కలిపే ఆ ఇంటర్నెట్ సర్వీసును 2014 మే 20న మూసేశారు. డీఎస్ తరువాతి తరమైన 3డీఎస్ యంత్రాలకు ఆన్‌లైన్ ఆటను 2024 ఏప్రిల్‌లో ఆపేశారు. విచిత్రం చూడండి: 1996 నాటి తీగ ఎవరి ఇంట్లోనైనా చెక్కుచెదరకుండా ఉంటే ఈ రాత్రి కూడా ఇద్దరు ఆడుకోవచ్చు. 2006 నాటి ఇంటర్నెట్ ఆటను దాన్ని నడిపినవారి ద్వారా ఆడలేరు. కనెక్షన్‌కు ఏమేం కావాలని లెక్క వేసేటప్పుడు, దూరాన ఎవరో ఒక సర్వరుకు కరెంటు కట్టుకుంటూ ఉండాలన్న షరతును మనం మరిచిపోతూ ఉంటాం.

నింటెండో వారి స్విచ్ యంత్రం సంగతి త్వరగా చెప్పి ముందుకు పోతాను, మన ఊళ్ళో అవి ఉన్న ఇళ్ళను వేళ్ళ మీద లెక్కపెట్టవచ్చు. 2019లో వచ్చిన స్వోర్డ్, షీల్డ్ గానీ, 2022లో వచ్చిన స్కార్లెట్, వయొలెట్ గానీ, రెండు యంత్రాలు ఒకే గదిలో ఉంటే ఇంటర్నెట్ లేకుండానే కలుస్తాయి. రెండింటిలోనూ ఆట ఒకే వెర్షన్ ఉండాలి, అంతే. దూరానున్నవారితో ఆడాలంటే చందా కట్టాలి, ఇద్దరూ ఒకే లింక్ కోడ్ కొట్టాలి. నింటెండో వారు సూచించే వేగం ఎంతో తెలుసా? డౌన్‌లోడ్ 3 ఎంబీపీఎస్, అప్‌లోడ్ 1 ఎంబీపీఎస్. మా మనవడి నలభైలో పదవ వంతు కూడా కాదు.

అయినా కలవకపోవచ్చు. ఎందుకు? నాట్ అనే అడ్డు వల్ల. నాట్ అంటే ఏమిటి? హాస్టల్ అనుకోండి. రెండు వందల మంది పిల్లలున్నా బయటి ప్రపంచానికి చిరునామా ఒక్కటే. మీరు లోపలినుంచి ఉత్తరం రాస్తే, దానికి జవాబు వస్తే, వార్డెను గుర్తుపెట్టుకుని మీ గదికి పంపుతాడు. అయితే పేరు, గది నంబరు లేకుండా బయటినుంచి ఎవరో మొట్టమొదటిసారి ఉత్తరం వేస్తే, ఎవరికివ్వాలో ఆయనకు తెలియదు, బుట్టలో పడేస్తాడు. మీ ఇంటి రూటరు అటువంటి వార్డెను. మొబైల్ డేటాలో అయితే వార్డెను మీద ఇంకొక వార్డెను ఉంటాడు, కంపెనీవారే వేలమందిని ఒకే చిరునామా వెనుక కూర్చోబెడతారు. ఇద్దరు ఆటగాళ్ళ యంత్రాలు నేరుగా మాట్లాడుకోవలసిన ఆటలో ఇద్దరూ ఇటువంటి హాస్టళ్ళలో ఉంటే, మొదటి ఉత్తరం ఎవరు రాయాలి? స్విచ్‌లో కనెక్షన్ పరీక్ష చేస్తే నాట్ టైపు ఏ, బీ, సీ, డీ అని చూపిస్తుంది. ఏ గానీ బీ గానీ వస్తే నిశ్చింత. డీ వస్తే కొందరితో కలుస్తుంది, కొందరితో కలవదు, ప్లాను మార్చి వేగం పెంచినంత మాత్రాన అది మారదు. పాల్‌వరల్డ్ అనే ఇంకొక జీవాల ఆటలో సొంత సర్వరు పెట్టుకుంటే 32 మంది వరకు ఆడవచ్చు. దానికి రూటరులో 8211 అనే ద్వారం తెరవాలని చెబుతారు. కంపెనీ వార్డెను వెనుక ఉన్నవారు తమ గది తలుపు ఎంత బార్లా తెరిచినా హాస్టలు గేటు తెరుచుకోదు.

ఇక మన పిల్లల ఫోన్లలో ఉన్నది పోకెమాన్ గో. ఇందులో ఒకరితో ఒకరు పోరాడే ట్రైనర్ బ్యాటిల్స్ 2018 డిసెంబరులో వచ్చాయి, ఆటలో పదవ లెవెల్ దాటినవారికి. 2020లో బ్యాటిల్ లీగ్ వచ్చింది. మొదట్లో కొంత దూరం నడిస్తే తప్ప లీగ్‌లోకి రానిచ్చేవారు కాదు. తల్లిదండ్రులకు నచ్చే ఆ నియమాన్ని పాపం తరువాత ఎత్తేశారు. ఒకే అరుగు మీద పక్కపక్కన కూర్చున్న ఇద్దరు ఒకరి కోడ్ ఒకరు స్కాన్ చేసి ఆడినా, మాట నేరుగా వెళ్ళదు. ఈ ఫోను నుంచి ఎక్కడో ఉన్న సర్వరుకు వెళ్ళి, అక్కడినుంచి ఆ ఫోనుకు రావాలి. లాభం ఏమిటి? నాట్ గొడవ లేదు, ఎందుకంటే ఇద్దరూ లోపలినుంచి బయటకే ఉత్తరం రాస్తున్నారు. స్కోరు పుస్తకం ఒక్కటే, అది సర్వరు దగ్గర ఉంటుంది. నష్టం ఏమిటి? కాలం.

ఈ ఆటలో ఒక వంతు అంటే అర సెకను. వేగంగా కొట్టే దెబ్బలు కొన్ని ఒక వంతులో అయిపోతాయి, కొన్నిటికి అయిదు వంతులు పడుతుంది. నిపుణులైన పిల్లలు అవతలివాడి దెబ్బలు మనసులో లెక్కపెట్టుకుని, సరిగ్గా ఆ వంతులో తమ పెద్ద దెబ్బ వేస్తారు, లేదా దెబ్బను అడ్డుకునే షీల్డ్ దాచుకుంటారు. షీల్డ్‌లు రెండే. మొత్తం ఆట కొద్ది నిమిషాలే. అర సెకను తాళంలో నడిచే ఈ ఆటలో మీ వేలి ఒత్తిడి సర్వరుకు చేరడానికి ఎంత పట్టిందన్నదే ముఖ్యం. ఒకసారి ఆరు వందల మిల్లీసెకన్లు పట్టిందా, ఒక వంతు పోయింది.

ఇక్కడే మా మనవడి ప్రశ్నకు జవాబు ఉంది. మన నౌపడ చిన్న రైలు గుర్తుందా? 1900లో ఇక్కడికి వచ్చిన ఆ నేరోగేజి బండిని ఎక్కని పెద్దవారు ఈ సభలో ఉండరు. ఇప్పుడు బ్రాడ్‌గేజి అయింది, పెట్టెలు పెద్దవి, సరుకు ఎక్కువ పడుతుంది. స్పీడ్ టెస్ట్ చెప్పేది అదే, బండికి ఎన్ని పెట్టెలున్నాయని. సినిమా చూడాలంటే పెట్టెలు కావాలి. బ్యాటిల్‌కు వెళ్ళేది ఒక చీటీ ముక్క. చీటీకి ఎన్ని పెట్టెలు కావాలి? అది ఏ బండిలో ఎక్కింది, ఆ బండి ప్రతిసారీ ఒకే సమయానికి చేరుతోందా, దారిలో చీటీ జారిపోతోందా, ఇవే చూడాలి. చీటీ వెళ్ళి జవాబు తిరిగి వచ్చే సమయాన్ని పింగ్ అంటారు, ఒకసారి త్వరగా ఒకసారి ఆలస్యంగా చేరడాన్ని జిట్టర్ అంటారు, అసలు చేరకపోవడాన్ని ప్యాకెట్ లాస్ అంటారు. ఎప్పుడూ 120 మిల్లీసెకన్లే పట్టే లైను మీద పిల్లవాడు రెండు రోజుల్లో అలవాటు పడతాడు. ఒకసారి 40, ఒకసారి 700 పట్టే లైను మీద ఎవడూ అలవాటు పడలేడు. సగటు తీస్తే రెండూ మంచిగానే కనిపించవచ్చు, కాబట్టి సగటును నమ్మకండి.

మా ఇంట్లో జరిగినది చెబుతాను. రాత్రి ఎనిమిదిన్నర. మనవడు గ్రేట్ లీగ్ ఆడుతున్నాడు, అంటే సీపీ అనే బలం లెక్క 1500 దాటని జీవాలతో. వాడి చివరి జీవం అజుమరిల్, అవతలివాడిదీ ఒకటే మిగిలింది, ఇద్దరికీ షీల్డ్‌లు అయిపోయాయి. పెద్ద దెబ్బకు శక్తి నిండింది, వేలు పెట్టాడు. అదే క్షణంలో కరెంటు పోయింది. ఫ్యాను ఆగడం, రూటరు దీపాలు ఆరడం ఒకేసారి. ఫోను వైఫై కోసం కాసేపు వెతుక్కుని, తరువాత మొబైల్ డేటాకు మారింది. మారగానే సిగ్నల్ గీతలు నిండుగా ఉన్నాయి, కానీ ఫోను చిరునామా మారింది కదా, సర్వరు దృష్టిలో పాత మనిషి వెళ్ళిపోయాడు, కొత్తవాడు తలుపు తడుతున్నాడు. మళ్ళీ ఆటలోకి చేరేసరికి అజుమరిల్ పడిపోయి ఉంది. వాడు నా వైపు చూసిన చూపు నేను ఇప్పటికీ మరిచిపోలేదు, కరెంటు నేనే తీసేసినట్టు! మరునాడు రూటరుకు చిన్న బ్యాటరీ బ్యాకప్ కొన్నాను. ప్లాను పెంచలేదు, పెంచితే ఏమీ ఒరిగేది కాదు.

మరి నెట్ ఇంతకంటె అధ్వాన్నంగా ఉన్నవారు ఏం చేయాలి? మోహన నుంచి, రాయగడ నుంచి వచ్చిన పిల్లలు అడుగుతున్నారు. బాబూ, ఆటను బట్టి ఉంటుంది. పోకెమాన్ షోడౌన్ అని అభిమానులు తయారుచేసిన బ్యాటిల్ ఒకటి ఉంది, బ్రౌజరులోనే ఆడవచ్చు. లెక్కంతా సర్వరు చేస్తుంది, మీ ఫోను నుంచి వెళ్ళేది చిన్న అక్షర సందేశం, వచ్చేదీ అంతే. వంతుల ఆట కాబట్టి సందేశం రెండు సెకన్లు ఆలస్యమైతే ఏమీ మునిగిపోదు. అసలు పోటీల్లో కూడా వంతుల ఆటకు గడియారం ధారాళంగానే ఉంటుంది: స్కార్లెట్, వయొలెట్ పోటీల్లో ఒక్కొక్క ఎత్తుకు 45 సెకన్లు, ఆటగాడి మొత్తానికి 7 నిమిషాలు. అర సెకను ఎక్కడ, 45 సెకన్లు ఎక్కడ! ఒకే పోకెమాన్, ఒకే పేర్లు, అయినా ఒకదానికి పాత 3జీ సిగ్నల్ చాలు, ఇంకొకదానికి మంచి 4జీ కూడా ఒక్కొక్కసారి చాలదు. ఇంట్లో నెట్ బాగోలేదని పిల్లవాడు ఏడుస్తుంటే ముందు అడగవలసినది, "ఏ ఆటరా?" అని.

డేటా ఎంత ఖర్చవుతుందని ఇందాక ఒక అమ్మగారు చీటీ పంపారు. అమ్మా, బ్యాటిల్‌కు అయ్యేది స్వల్పం. డేటాను మింగేది ఆట అప్‌డేట్. దానిని వైఫైలోనే దించుకునేలా పెట్టండి.

చివరగా, మన సరిహద్దుకే ప్రత్యేకమైన చిక్కు ఒకటి ఉంది, దీన్ని భువనేశ్వరంలోనూ విశాఖలోనూ ఉన్నవారు ఊహించలేరు. మహేంద్రతనయ గట్టు మీద కూర్చుని ఆడే పిల్లలు చేతులెత్తండి. అనుకున్నాను, సగం మంది! ఇటు మనది ఒడిశా టెలికాం సర్కిల్, ఏరు దాటితే పాతపట్నం, అది ఆంధ్రప్రదేశ్ సర్కిల్. మీరు కదలకుండా కూర్చున్నా ఫోను ఊరుకోదు, ఇటు టవరు కాస్త బలహీనపడగానే అటు టవరును పట్టుకుంటుంది, మళ్ళీ ఇటు వస్తుంది. ఒకే సర్కిల్‌లో ఒక టవరు నుంచి ఇంకొక టవరుకు మారితే కాల్ తెగకుండా అప్పగించుకునే ఏర్పాటు ఉంటుంది. సర్కిల్ దాటినప్పుడు మాత్రం ఫోను మళ్ళీ కొత్తగా నమోదు కావలసి రావచ్చు, అప్పుడు చిరునామా మారిపోతుంది. మా ఇంట్లో కరెంటు పోయినప్పుడు జరిగినదే ఇక్కడ వెన్నెల్లో, నిండు గీతల సిగ్నల్‌తో జరుగుతుంది. స్వాగతం అని పక్క రాష్ట్రం పేరుతో మెసేజి వచ్చిందంటే బ్యాటిల్ పోయిందని లెక్క.

ఇప్పుడు ఫోన్లు తీయండి. సెట్టింగ్స్‌లో మొబైల్ నెట్‌వర్క్‌లోకి వెళ్ళి, నెట్‌వర్క్ ఎంపిక ఆటోమేటిక్ అని ఉన్నదాన్ని తీసేయండి. కాసేపు వెతికి పేర్ల పట్టిక చూపిస్తుంది. మీ కంపెనీ పేరు రెండుసార్లు కనిపిస్తే కంగారు పడకండి, ఒకటి ఇటుది, ఇంకొకటి అటుది. ఒకదాన్ని ఎంచుకుని అయిదు నిమిషాలు ఆడి చూడండి, బాగోలేకపోతే రెండవది. ఒక గీత తక్కువున్నా మారకుండా ఉండేదాన్నే ఉంచుకోండి. ఇంటికి వెళ్ళాక మాత్రం మళ్ళీ ఆటోమేటిక్ పెట్టడం మరిచిపోకండి, లేకపోతే అమ్మ ఫోను చేస్తే కలవదు, ఆ తప్పు నా మీదికి వస్తుంది. ఆ చివరనున్న బాబూ, నీ పట్టికలో ఎన్ని పేర్లు వచ్చాయి?